బాగుందన్న చీర

రాజమండ్రిలో మా లాయరుగారి గది చిన్నది. పరస్పర అంగీకారంతో విడిపోదామని వచ్చేవాళ్ళను ఆయన రెండు వరసలుగా కూర్చోబెడతారు. కిటికీ వైపు అబ్బాయి తరఫువాళ్ళు, బీరువా వైపు అమ్మాయి తరఫువాళ్ళు, మధ్యలో ఆయన బల్ల. ఇన్నేళ్ళ ప్రాక్టీసులో ఈ ఏర్పాటు ఎప్పుడూ చెడలేదట. మేం వెళ్ళిన రోజు చెడింది.

"అమ్మాయి తరఫువాళ్ళు ఇటు వచ్చేయండి" అన్నారాయన. నేనూ, నాన్నా, అత్తయ్యా, నానమ్మా లేచి బీరువా వైపు వెళ్ళాం. "అబ్బాయి తరఫువాళ్ళు ఇటండి" అన్నారు. నాన్న, అత్తయ్య, నానమ్మ మళ్ళీ లేచి కిటికీ వైపు వెళ్ళారు. అక్కడ నా భర్త ఒక్కడే కూర్చుని ఫోను చూసుకుంటున్నాడు. లాయరుగారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు.

సంగతేమిటంటే నేను పెళ్ళి చేసుకున్నది మా మేనత్త కొడుకుని. అత్తయ్య మా నాన్నకు ఒక్కగానొక్క చెల్లెలు. అంటే నా భర్తకు మా నాన్న మామగారు కాకముందే మేనమామ, మా నానమ్మ అమ్మమ్మ. మా ఇళ్ళలో మేనరికం ఉండగా బయటి సంబంధం చూడటం అంటే సొంత కొట్టు పెట్టుకుని పక్క కొట్లో పప్పు కొనడం లాంటిది. అందుకని మాలో ఎవరు ఎవరి తరఫో ఎవరికీ తెలియదు. "మీరు ఎవరి వైపండీ?" అని లాయరుగారు నానమ్మను అడిగితే, "ఇద్దరూ నా వైపే బాబూ, నువ్వెవరి వైపు?" అంది. ఆయన తన కుర్చీ పక్కనే ఇంకో కుర్చీ వేయించి ఆవిణ్ణి అందులో కూర్చోబెట్టారు.

బావతో రక్తసంబంధం లేని మనిషి ఆ వచ్చిన వాళ్ళలో మా అమ్మ ఒక్కతే. తణుకు నుంచి మా ఇంటికి కోడలిగా వచ్చింది. నిష్పక్షపాతంగా రెండు ముక్కలు చెప్పగలిగింది ఆవిడే కాబట్టి ఆవిణ్ణి ఎవరూ ఏమీ అడగలేదు. బయట బెంచీ మీద కూర్చుని నిమ్మసోడా తాగింది.

మా పెళ్ళి గురించి కూడా చెప్పాలి. నా బారసాల నాడే అత్తయ్య నన్ను ఒళ్ళో వేసుకుని "నా కోడలు" అందట. నేనూ బావా కలిసి పెరిగాం. నాకు స్కూటీ నేర్పింది అతనే, నేర్పేటప్పుడు కాలువలోకి తోసింది కూడా అతనే. బావగా అతన్ని వేలెత్తి చూపడానికేం లేదు. రాజమండ్రిలో ఎలక్ట్రికల్ సామాను కొట్టు పెట్టాడు, నేను అదే ఊళ్ళో ఒక ఆడిటరు దగ్గర పనికి కుదిరాను, ముహూర్తం పెట్టేశారు. పెళ్ళయ్యాక "బావా, నువ్వు" అనడం బాగోదని అత్తయ్య నాకు "ఏవండీ" నేర్పించింది. ఆ "ఏవండీ"తోనే మా మధ్య మాటలు అయిపోయాయి. ఊళ్ళో మొగుడూ పెళ్ళాలు ఒకరి బంధువుల గురించి ఒకరికి చాడీలు చెప్పుకుని కాలక్షేపం చేస్తారు. మాకా అదృష్టం కూడా లేదు. మా ఇద్దరి బంధువులూ ఒకళ్ళే. అలిగి పుట్టింటికి పోదామని పెనుగొండ బస్సెక్కితే, నేను వెళ్ళేసరికి అత్తయ్య మా వంటింట్లో కాఫీ తాగుతూ, "ఎప్పుడొచ్చావే?" అని నన్నే అడిగేది.

కొట్టుకున్నామా అంటే లేదు, తిట్టుకున్నామా అంటే అదీ లేదు. ఒక మంచం మీద పడుకోవడానికి ఇద్దరికీ ఇబ్బందిగా ఉండేది. ఆ ఇబ్బంది రోజులు గడిచేకొద్దీ తగ్గుతుందన్నారు. పెరిగింది. ఒక ఆదివారం అతను స్టూలెక్కి ఫ్యాను బిగిస్తున్నాడు. నేను స్టూలు పట్టుకున్నాను. పైనుంచి, "విడిపోదామా?" అన్నాడు. "సరే" అన్నాను. అంత సులువుగా మేం పెళ్ళిలో ఏ విషయమూ తేల్చుకోలేదు. వెంటనే నాకు గుండె గుభేలుమంది. "మరి నాన్న?" అన్నాను. అదే క్షణంలో అతను "మరి అమ్మ?" అన్నాడు.

ఆ భయం దేనికో తెలియాలంటే మా నాన్న చీర సంగతి తెలియాలి. మాది పెనుగొండలో బట్టల కొట్టు. ప్రతి శ్రావణమాసం, వరలక్ష్మీ వ్రతానికి ముందు, నాన్న తన చేత్తో ఒక చీర ఏరి, పసుపు కుంకుమలు పెట్టి, మండపేటలో అత్తయ్యకు ఇచ్చి వస్తాడు. అత్తయ్య మడత విప్పగానే, "ఇదేం రంగన్నయ్యా? కొట్లో అమ్ముడవ్వనివన్నీ నాకేనా?" అంటుంది. వారం తిరక్కుండా ఆ చీర సంచిలో పెట్టుకుని పెనుగొండ వస్తుంది. ముందు వాసవీ అమ్మవారి దర్శనం, తర్వాత మా కొట్టు. "అమ్మిన సరుకు వాపసు తీసుకోబడదు, మార్చబడదు" అని నాన్న రాయించిన బోర్డు కింద బాసింపట్టు వేసుకుని కూర్చుని, మధ్యాహ్నం దాకా చీరలు తీయించి ఒకటి మార్చుకుంటుంది. మా ఇంట్లో భోంచేసి, కాసేపు నడుం వాల్చి, సాయంత్రం బస్సుకు వెళ్తుంది. ఆవిడ పెళ్ళయిన దగ్గర్నుంచీ ఇదే వరస. ఒక ఏడాది అమ్మ మాట విని నాన్న ముందే వీడియో కాల్‌లో చీరలన్నీ చూపించాడు. అత్తయ్య ముచ్చటపడి ఒకటి ఏరుకుంది. దాన్నీ మార్చుకోడానికి వచ్చింది. "ఈ ఏడు కూడా దానికి నచ్చలేదండీ" అని నాన్న వచ్చిన ఖాతాదారులందరికీ చెప్పుకునేవాడు. చెప్పేటప్పుడు ఆయన మొహం వెలిగిపోయేది.

మావయ్య పోయాక అత్తయ్యకు పుట్టిల్లంటే నాన్నే. పుట్టింటి పసుపు కుంకుమలు మావయ్యతో పోయేవి కావని నాన్న అవీ మానలేదు. నాన్నకు అన్ని విషయాల్లోనూ సలహా అత్తయ్యే. నాకు మొగుడు పోతే పోయాడు, నాన్నకు చెల్లెలు పోతుందేమోనని నేను నిజంగా హడలిపోయాను. ఏడాది విడిగా ఉంటేగాని పిటిషను వేయడం కుదరదంటే లేడీస్ హాస్టల్లో చేరాను. నా పెట్టె, పరుపు బావే మోసుకొచ్చి దింపాడు. హాస్టల్ మేడమ్ "అన్నయ్యగారా?" అని అడిగింది. ఏమని చెప్పాలో తెలియక ఇద్దరం తలూపాం.

మొదట్లో అంతా తేలిగ్గానే గడిచింది. బజారులో వాళ్ళు నాన్నను వదల్లేదు. "ఆడపిల్ల తండ్రివి, వియ్యాలవారి మీద ఆ మాత్రం కోప్పడకపోతే ఎలాగండీ?" అన్నారు. నాన్నకు ఏం చెయ్యాలో తోచలేదు. ఏం తోచకపోయినా చేసే పనే చేశాడు, అత్తయ్యకు ఫోను చేశాడు.

"చెల్లాయ్, నేను మీ మీద కోప్పడాలంటున్నారే. ఏం చెయ్యమంటావు?"

"కోప్పడన్నయ్యా. లేకపోతే పిల్లకి వెనకాల ఎవరూ లేరనుకుంటారు. ఆదివారం మాత్రం వద్దు, మా ఆడపడుచువాళ్ళు భోజనానికొస్తున్నారు."

నాన్న సోమవారం వెళ్ళి, అత్తయ్యవాళ్ళ వీధి అరుగు మీద నిలబడి, రైసు మిల్లు లారీలవాళ్ళు ఆగి చూసేలా కేకలేశాడు. మధ్యలో గొంతు పట్టేస్తే అత్తయ్య మజ్జిగ తెచ్చిచ్చింది. తాగి మిగతాది పూర్తి చేశాడు. లోపలికి వచ్చాక, "పెంపకం మాట తియ్యడం మర్చిపోయావు" అని అత్తయ్యే గుర్తుచేసిందట. ఇదంతా బావ ఫోనులో చెబుతుంటే నేను హాస్టల్ మెట్ల మీద కూర్చుని నవ్వాను. ఇలాగే గడిచిపోతుందనుకున్నాను.

గడవలేదు. లాయరుగారి గదిలో వడ్డాణం దగ్గర చెడింది.

"శాశ్వత భరణం కింద ఏమడుగుతున్నారమ్మా?" అన్నారాయన నన్ను. నాకు ఉద్యోగం ఉందని, ఏమీ వద్దని చెప్పాను. "వద్దంటే వద్దని రాస్తాం. కానీ నగల సంగతి తేలాలండి" అన్నారు. అత్తయ్య సంచిలోంచి వడ్డాణం తీసి బల్ల మీద పెట్టింది. అది నానమ్మ అత్తయ్యకు పెళ్ళిలో పెట్టింది, అత్తయ్య నాకు నా పెళ్ళిలో పెట్టింది.

"ఇది పిల్లది. పిల్లతో పంపెయ్యండి" అంది అత్తయ్య, వడ్డాణాన్ని నాన్న వైపు తోస్తూ.

"మా ఇంట్లోంచి వెళ్ళిన వస్తువు మా ఇంటికి తిరిగి రాకూడదండి" అని నాన్న లాయరుగారితో చెప్పి, దాన్ని మళ్ళీ అత్తయ్య వైపు తోశాడు.

అలా అది బల్ల మీద అటూ ఇటూ తిరిగింది. లాయరుగారు విడాకుల్లో లాక్కోవడం చూశారుగానీ ఇలా తోసుకోవడం చూడలేదు. "బంగారం ఇవాళున్న రేటుకి మీరు వద్దు వద్దనడమేంటండీ బాబూ?" అన్నారు. ఆ మాటకి నవ్వు రావాల్సింది. ఎవరికీ రాలేదు, ఎందుకంటే ఈసారి ఇద్దరి గొంతులూ నిజంగానే లేచాయి.

"అమ్మ నీకు పెట్టింది నేను పట్టుకుపోతే, నిన్ను ఇంట్లోంచి తీసేసినట్టు కాదుటే?"

"పట్టుకెళ్ళకపోతే నీ కూతుర్ని నేను ఉత్తి చేతుల్తో పంపేసినట్టు కాదా? నలుగురూ నన్నేమంటారు?"

"అనడానికేముంది? ఉన్న ఒక్క కోడల్నీ నిలబెట్టుకోలేకపోయావు, అదే అంటారు."

అరుగు మీద వేసిన కేకల్లో ఈ మాట లేదు. అత్తయ్య కొంగు భుజాన్నిండా కప్పుకుని కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చుంది. నాన్న మొహం పాలిపోయింది. అన్న మాట వెనక్కి తీసుకోవడం మా నాన్నకు చేతకాదు, కొట్లోనూ అంతే. నానమ్మ చెయ్యి చాపి వడ్డాణం తీసి తన రెక్సిన్ సంచిలో వేసుకుని, "ఇది నా దగ్గరుంటుంది. మీకెవరికీ లేదు" అంది. అలా ఆ తగువు తీరింది. అసలుది తీరలేదు.

లాయరుగారు మిగతా కాగితం గబగబా చదివేశారు. చివర్లో, ఇకమీదట ఉభయ పక్షాలకూ, వారి వారి బంధువులకూ నడుమ ఎటువంటి సంబంధ బాంధవ్యాలూ ఉండవని ఒక వాక్యం వచ్చింది.

"బంధువులంటే ఎవరండి?" అంది అత్తయ్య.

"అంటే మీరూ, వారూ కూడా అండి. అందరికీ ఇలాగే రాస్తాం."

అత్తయ్య నాన్న వైపు చూడకుండా, "మరి నా శ్రావణమాసం చీర?" అంది.

లాయరుగారికి అర్థం కాలేదు. నాకు అర్థమైంది. "అదీ అందులో రాయండి" అంది అత్తయ్య. నాన్న నేల చూపులు చూస్తూ, "రాయండి" అన్నాడు. ఆ రోజంతటికీ వాళ్ళిద్దరూ ఒప్పుకున్న విషయం అదొక్కటే. మొదటి పిటిషనరు తండ్రి రెండవ పిటిషనరు తల్లికి ప్రతి శ్రావణమాసమునందు ఒక చీరను పసుపు కుంకుమలతో సహా ఇవ్వవలెనని లాయరుగారు విసుక్కుంటూ రాశారు. "స్వయంగా" అనే మాట అత్తయ్య చెప్పి వేయించింది.

ఫ్యామిలీ కోర్టులో జడ్జిగారు నెమ్మదస్తురాలు. మమ్మల్నిద్దర్నీ చూసి, "ఏడాదిగా విడిగానే ఉంటున్నారా?" అని అడిగారు. ఉంటున్నామన్నాం. "ఈ మధ్య కలుసుకున్నారా?" అన్నారు. బావకు అబద్ధం చెప్పడం రాదు.

"మొన్న మా తాతగారి తద్దినంలో కలిశామండి."

"ఎవరి తాతగారు?"

"మా తాతగారండి" అన్నాం ఇద్దరం ఒకేసారి. లాయరుగారు దగ్గు తెచ్చుకున్నారు.

తర్వాత ఆవిడ చీర దగ్గరికి వచ్చారు. ఆ వాక్యం రెండుసార్లు చదువుకున్నట్టున్నారు. అత్తయ్యను ముందుకు పిలిచి, "చూడండమ్మా, కోర్టు అమలు చేయగలిగినవే ఇందులో ఉండాలి. ఇది కొట్టేయాలండి" అన్నారు మర్యాదగానే.

"మరి మా అన్నయ్య తేకపోతే నేనెవరికి చెప్పుకోవాలండి?"

"మీ అన్నయ్యకే చెప్పుకోండి."

లాయరుగారు పెన్నుతో ఆ వాక్యం మీద అడ్డంగా గీత గీసి, పక్కన మా ఇద్దరి చేతా సంతకాలు పెట్టించారు. అత్తయ్య ఆ గీత వంకే చూస్తూ నిలబడింది.

చట్టం ఆర్నెల్లు ఆగమంటే ఆగాం. మనసు మారుతుందేమోనని ఇచ్చే గడువు అది. మా ఇద్దరి మనసులూ భేషుగ్గా ఉన్నాయి. అన్నాచెల్లెళ్ళ మనసులకు మాత్రం ఏ గడువూ పనిచేయలేదు. నాన్న ఫోను పట్టుకుని అత్తయ్య నెంబరు దాకా వెళ్ళి, మళ్ళీ జేబులో పెట్టుకునేవాడు. కొట్లో ఏ సరుకు ఎంత తెప్పించాలో తోచక అన్నీ కాస్త కాస్త తెప్పించేవాడు. డిక్రీ వచ్చిన రోజు కోర్టు మెట్లు దిగుతూ, "బావా, ఆటో పిలువు" అన్నాను. ఎన్నాళ్ళకో నోటికి వచ్చిన పిలుపు. అతను వెనక్కి తిరిగి నవ్వాడు. ఇద్దరం ఒకే ఆటోలో గోకవరం బస్టాండు దాకా వెళ్ళాం, దారంతా మాట్లాడుకుంటూనే ఉన్నాం. నాకు బావ తిరిగి వచ్చాడన్న సంతోషం నిజమే. దాని వెనకాలే, నాన్న చెల్లెల్ని ఖర్చుపెట్టి నేనిది కొనుక్కున్నానన్న బెంగా నిజమే.

శ్రావణం వచ్చింది. నాన్న అదోరకం నీలం రంగులో ఒక చీర ఏరాడు. అంటే నీలమూ కాదు, బూడిదా కాదు, పిండిమిల్లులో పిండి పట్టి వేలాడే పాత గోనెకు ఉండే రంగు. అత్తయ్య కచ్చితంగా తిట్టే చీర. కావాలనే ఏరాడని నాకు తెలుసు. ఒక్కడే వెళ్ళడానికి ధైర్యం చాలక నన్ను వెంటబెట్టుకున్నాడు. మాజీ కోడలు వెళ్ళకూడదుగానీ మేనకోడలు వెళ్ళొచ్చు అని అమ్మ తేల్చింది. ఈ వ్యవహారంలో అమ్మ చెప్పిన తీర్పు ఇదొక్కటే.

మండపేటలో అత్తయ్య మాకు విస్తళ్ళు వేసి, పనసపొట్టు కూర, పులిహోర, బూరెలు వడ్డించింది. అన్నీ బాగానే ఉన్నాయి, మాటలే లేవు. భోజనాలయ్యాక నాన్న చీర చేతిలో పెట్టాడు. అత్తయ్య మడత విప్పింది.

"బాగుందన్నయ్యా" అంది. మళ్ళీ మడత పెట్టి లోపల దాచుకుంది.

తిరుగు ప్రయాణంలో జొన్నాడ వంతెన మీద బస్సు వెళ్తుంటే నాన్న గోదావరి వైపు చూస్తూ కూర్చున్నాడు. రావులపాలెంలో బస్సు ఆగాక, "బాగుందంది" అన్నాడు. సిద్ధాంతం వంతెన దాటాక మళ్ళీ, "ఆ చీర బాగుందంటుందేంటే అది?" అన్నాడు. ఇంటికెళ్ళి అన్నం వద్దన్నాడు.

వారం గడిచింది. అత్తయ్య రాలేదు. ఇంకో వారం గడిచింది. నాన్న బోర్డు కింది చోటు ఖాళీగా ఉంచి ఖాతాదారుల్ని పక్కకు కూర్చోబెట్టేవాడు. శ్రావణం వెళ్ళిపోయింది, వినాయక చవితి వెళ్ళిపోయింది. కొత్త సరుకు వస్తే అందులో నాలుగు చీరలు తీసి పక్కన పెట్టేవాడు, ఎవరైనా అడిగితే అమ్మేవాడు కాదు. బావ ఫోను చేస్తే, "అమ్మ చీర కట్టుకుందా?" అని అడిగాను. "లేదే. బీరువాలో పెట్టింది. అప్పుడప్పుడూ తీసి చూస్తుంది, లోపల పెట్టేస్తుంది" అన్నాడు.

దసరా బేరాల హడావిడిలో ఒక శనివారం సాయం చేద్దామని నేను కొట్లో ఉన్నాను. ఆటో ఆగింది. అత్తయ్య దిగింది. నుదుట అమ్మవారి కుంకుమ, చేతిలో సంచి. జనాన్ని తోసుకుంటూ వచ్చి, తన చోట్లో కూర్చుని, సంచిలోంచి ఆ గోనె రంగు చీర తీసి గల్లాపెట్టె ముందు పడేసింది.

"అన్నయ్యా, నేను నీ కంటికెలా కనబడుతున్నాను? ఇది చీరా, మిల్లులో ధాన్యం ఆరబోసుకునే పట్టానా?"

కొట్లో అందరూ తిరిగి చూశారు. నాన్న కొలిచే గజంబద్ద చేతిలో పట్టుకుని అలాగే ఉండిపోయాడు.

"మరప్పుడు బాగుందన్నావు?" అన్నాడు చివరికి.

అత్తయ్య కోపం ఒక్కసారి దిగిపోయింది. కొంగు కొస వేలికి చుట్టుకుంటూ తలెత్తి, ఆ బోర్డు చూసి, నాన్నను చూసింది. "ఆ జడ్జిగారు కొట్టేశారు కదా అన్నయ్యా. నువ్వు తేవడమే కాగితంలో నిలవలేదు. నేను మార్చుకోడానికి రావచ్చో, రాకూడదో... ఎవర్నడగాలో తెలీలా" అంది.

నాన్న స్టూలు లాక్కుని ఎక్కి, పై అరలో దాచి ఉంచిన చీరలన్నీ దింపి, ఒక్కొక్కటే విప్పి ఆవిడ ముందు పరిచాడు. కళ్ళు కనిపించక ఒక చీరను తిరగేసి పరిచాడు. అత్తయ్య దాన్ని సరిగ్గా తిప్పుకుని, అంచు వేళ్ళతో నలిపి చూసింది.

"ఇదీ బాలేదు" అంది. "ఇంకోటి తియ్యి."